పద్దెనిమిది శతాంశాల బంగారం

2021 ఆగస్టు 5వ తేదీ. జపాన్ రాజధాని టోక్యోలో నిప్పన్ బుదోకాన్ అనే విశాలమైన భవనం. 1964 ఒలింపిక్స్‌లో జూడో పోటీలకోసం దీన్ని కట్టారు. కరోనా కారణంగా ఆ రోజున ప్రేక్షకుల కుర్చీలన్నీ ఖాళీ. తెల్లని దుస్తులు ధరించిన ఒక స్త్రీ పోటీ స్థలం మధ్యకు వచ్చి, వంగి అభివాదం చేసింది. ఎదురుగా ప్రత్యర్థి ఎవరూ లేరు. అయినా ఆమె గుద్దింది, తన్నింది, ఎగిరింది, గిరుక్కున తిరిగింది. ఆఖరికి ఒలింపిక్ స్వర్ణపతకం గెలుచుకుంది!

లేని శత్రువుతో పోరాడి పతకం గెలవడమేమిటని మీకు సందేహం రావచ్చు. కరాటేలో పోటీలు రెండు రకాలు. ఇద్దరు ఎదురెదురుగా తలపడేది కుమితె. ఒక్కరే నిలబడి, ఊహాలోకంలోని ప్రత్యర్థులను ఎదుర్కొంటూ, నిర్ణీత వరుసలో కదలికలు ప్రదర్శించేది కాతా. మనం చెప్పుకుంటున్నది కాతాలో మొట్టమొదటి ఒలింపిక్ విజేత, స్పెయిన్ దేశస్థురాలు శాండ్రా సాంచెజ్ గురించి.

ఆమె 1981లో తలావెరా దె లా రేనా అనే పట్టణంలో పుట్టింది. నాలుగేళ్ల వయసులో అన్నను చూసి కరాటే మొదలుపెట్టింది. అయితే దారి సాఫీగా సాగలేదు. తల్లి జబ్బుపడితే, శిక్షణ విడిచి ఇంటికి వెళ్లి ఆమెకు తోడుగా నిలిచింది. మామూలుగా క్రీడాకారులు విశ్రాంతి గురించి ఆలోచించే వయసులో, అంటే 33 ఏళ్లప్పుడు, 2015లో యూరప్ విజేత అయింది. 2018లో మాడ్రిడ్‌లో ప్రపంచ విజేత అయింది. అప్పుడు ఫైనల్లో ఆమె ఓడించింది అంతకుముందు రెండుసార్లు ప్రపంచ విజేత అయిన జపాన్ యువతి కియో షిమిజును. టోక్యోలో మళ్లీ వారిద్దరే తలపడ్డారు. శాండ్రాకు అప్పుడు 39 ఏళ్లు. షిమిజు ఆమెకంటే పన్నెండేళ్లు చిన్నది.

వయసు పెరిగేకొద్దీ కండరాల చురుకుదనం మెల్లగా తగ్గుతుంది కదా? మరి ఆమె ఎలా నెగ్గింది? కాతాలో బలం ఒక్కటే చాలదు. బలాన్ని ఎక్కడ, ఎప్పుడు వాడాలో తెలియాలి. ఒక చిన్న ప్రయోగం చేయండి. పాదాలు రెండూ దగ్గరగా పెట్టి నిటారుగా నిలబడి, మీ స్నేహితుణ్ణి భుజం మీద మెల్లగా నెట్టమనండి. తూలిపోతారు. ఇప్పుడు కాళ్లు ఎడంగా పెట్టి, మోకాళ్లు వంచి నిలబడండి. అంతే బలంతో నెట్టినా కదలరు. పాదాల మధ్య ఆధారం విశాలమైంది; మీ గరిమనాభి కిందికి దిగింది. కరాటే నిలకడల రహస్యం ఇదే.

గుద్దు సంగతి చూద్దాం. కుడి పిడికిలి ముందుకు దూసుకుపోయేటప్పుడు ఎడమ పిడికిలి నడుము దగ్గరకు వెనక్కి వస్తుంది. ఆ రెంటితోపాటు నడుము తిరుగుతుంది. బలం పుట్టేది చేతిలో కాదు. పాదం నేలను వెనక్కి తన్నుతుంది, నేల శరీరాన్ని ముందుకు తోస్తుంది. న్యూటన్ మూడో నియమం మీరు చదువుకున్నదే. ఆ తోపు కాలినుంచి నడుముకు, నడుమునుంచి భుజానికి, భుజంనుంచి పిడికిలికి క్రమంగా చేరాలి. మధ్యలో ఒక్క కీలు ముందో వెనకో కదిలితే బలం వృథా. ఆ క్రమం వేల సార్లు చేస్తేగాని ఒంటికి పట్టదు. శాండ్రా ఏళ్ల తరబడి సంపాదించుకున్నది ఈ క్రమాన్నే.

ఇంత సూక్ష్మమైన విద్యకు మార్కులు వేయడమెలా? నాటి నిబంధనల ప్రకారం ఏడుగురు నిర్ణేతలు ఉండేవారు. ఒక్కొక్కరు నైపుణ్యానికి ఒకటి, దేహదారుఢ్యానికి ఒకటి చొప్పున, 5 నుంచి 10 లోపల 0.2 మెట్లతో మార్కులు వేసేవారు. ఉదాహరణకు, నైపుణ్యానికి మనమే మార్కులు వేద్దాం: 9.4, 9.2, 9.6, 9.2, 9.4, 9.8, 9.0. వీటిలో పెద్దవి రెండు, చిన్నవి రెండు కొట్టివేయాలి. మిగిలినవి 9.2, 9.4, 9.4. మొత్తం 28.0. దీన్ని 0.7తో గుణిస్తే 19.60. దారుఢ్యంలోనూ అలాగే కొట్టివేయగా మూడు 9.4లు మిగిలాయనుకుందాం. మొత్తం 28.2. దీన్ని 0.3తో గుణిస్తే 8.46. రెండూ కలిపితే 28.06.

కొట్టివేయడం దేనికి? నైపుణ్యంలో 9.0 వేసిన నిర్ణేత పొరపాటునో, పక్షపాతంతోనో 5.0 వేశాడనుకోండి. ఏడుగురి సగటు 9.37 నుంచి 8.8కి పడిపోతుంది. కాని కొట్టివేత పద్ధతిలో ఫలితం మారనే మారదు! ఒక్కరి తప్పు ఆటగత్తె శ్రమను మింగకుండా గణితం కాపాడుతుందన్నమాట.

టోక్యోలో శాండ్రాకు వచ్చింది సరిగ్గా 28.06. షిమిజుకు 27.88. తేడా 0.18 మాత్రమే! లెక్కలోకి వచ్చిన ఒక నిర్ణేత నైపుణ్యంలో ఒక్క మెట్టు మారిస్తే 0.14 తేడా వస్తుంది. అంటే దాదాపు ఒకే ఒక్క మెట్టు స్వర్ణాన్ని, రజతాన్ని వేరుచేసింది. ఓడిన షిమిజు తక్కువదని ఎవరనగలరు?

అదే ఏడాది దుబాయిలో శాండ్రా మళ్లీ ప్రపంచ విజేత అయింది. 2022లో పోటీలనుంచి విరమించుకుంది. 2024 పారిస్ ఒలింపిక్స్‌లో కరాటేకు చోటు దక్కలేదు. ఆమె ఇంకొక్క ఏడాది ముందే ఆశ వదులుకుని ఉంటే, ఆ తలుపు తెరుచుకున్న ఒక్కసారీ చేజారిపోయేది.

మీకొక లెక్క: పై ఉదాహరణలో 9.8 వేసిన నిర్ణేత 5.0 వేసి ఉంటే మొత్తం 28.06 ఎంతకు మారుతుంది? కాగితం, పెన్సిలు తీసుకుని చేసి చూడండి. అప్పుడు స్వర్ణం ఎవరిదయ్యేదో కూడా చెప్పండి!