స్టూడియోలో ఆకాశం

రాత్రిపూట గదిలో దీపాలు ఆర్పి, గోడకు ఎదురుగా టార్చిలైటు వెలిగించండి. మధ్యలో మీ చెయ్యి ఉంచండి. గోడమీద వేళ్ళ నీడ కత్తిరించినట్లు పడుతుంది. ఇప్పుడు ఆ గోడకు ఎదురుగా తెల్లని పంచె ఒకటి దండెంమీద వేలాడదీసి, టార్చిని పంచెవైపు తిప్పండి. వెలుగు పంచె అంతటా పరుచుకోవాలి సుమా! మళ్ళీ గోడముందు చెయ్యి పెట్టండి. నీడ పలచబడింది, అంచులు చెరిగిపోయాయి. చేతిని గోడకు దూరంగా జరిపితే నీడ జాడే కనిపించదు.

కారణం మీకు తెలిసినదే. టార్చి చిన్న కాంతి జనకం. పంచె పెద్దది. పంచె ఒక మూలనుంచి వచ్చే కాంతికి మీ వేలు అడ్డుపడినా, మరో మూలనుంచి వచ్చే కాంతి అదే చోటికి చేరుతుంది. ప్రచ్ఛాయ కుంచించుకుపోయి ఉపచ్ఛాయ మిగులుతుంది.

ఈ చిన్న విషయమే 1956లో కలకత్తాలో ఒక యువ ఛాయాగ్రాహకుణ్ణి గట్టెక్కించింది. ఆయన పేరు సుబ్రత మిత్ర, పుట్టింది 1930లో. సత్యజిత్ రాయ్ 'పథేర్ పాంచాలి' (1955) మొదలుపెట్టేవరకూ మిత్ర సినిమా కెమెరా పట్టి ఎరుగరు. అంతకుముందు ఫ్రెంచి దర్శకుడు జాఁ రెన్వార్ బెంగాలులో 'ది రివర్' చిత్రం తీస్తుంటే దగ్గరుండి చూసి, ఏ దీపం ఎక్కడ పెట్టారో బొమ్మలు గీసుకున్నారు. చూసినది రాసుకునే అలవాటు ఎంత మంచిదో చూడండి!

రాయ్ తరువాతి చిత్రం 'అపరాజితో'. అందులో అపు కుటుంబం కాశీలో ఒక పాత ఇంట్లో కాపురముంటుంది. నాలుగువైపులా ఎత్తయిన గోడలు, నడుమ ముంగిలి. మన మండువా ఇళ్ళు చూసినవారికి ఆ వెలుగు ఎలా ఉంటుందో తెలుసు. ఎండ నేరుగా దిగేది కొద్దిసేపే. మిగిలిన పగలంతా పైన కనిపించే ఆకాశపు ముక్క నుంచే వెలుతురు. దానికి నీడలు దాదాపు ఉండవు.

వానల భయంవల్ల ఆ ముంగిలిని స్టూడియోలోనే సెట్టుగా వేయాలని రాయ్, కళాదర్శకుడు బన్సీ చంద్రగుప్త నిర్ణయించారు. మిత్ర ఒప్పుకోలేదు. స్టూడియో దీపాలు తిన్నగా వేస్తే ఎన్ని దీపాలో అన్ని నీడలు. ఇది ఆకాశం కాదని చూసేవారు ఇట్టే పసిగడతారు. ఆయన వాదన న్యాయమైనదే, కానీ నెగ్గలేదు.

అప్పుడాయన చేసిన పని మన పంచె ప్రయోగమే. చట్రానికి బిగించిన తెల్లరంగు గుడ్డను ముంగిలిపైన ఆకాశంలా పరిపించి, కింద దీపాలను దానివైపు పైకి తిప్పించారు. గుడ్డమీద పడిన కాంతి క్రమరహిత పరావర్తనం చెంది అన్ని దిక్కులా దిగింది. ఇక్కడ పరావర్తన సూత్రాలు వర్తించవని ఏటా కొందరు పరీక్షలో రాస్తారు. అది తప్పు. గరుకుతలంలో ప్రతి బిందువు దగ్గరా పతన కోణం, పరావర్తన కోణం సమానమే. ఆ చిన్న తలాలు తలోవైపు తిరిగి ఉన్నాయి, అంతే.

దీనికి ఖరీదు లేకపోలేదు. గుడ్డ కొంత కాంతిని శోషిస్తుంది, మిగిలినది చెదిరిపోతుంది. కనుక తిన్నగా వేసేటప్పటికన్నా ఎక్కువ దీపాలు కావాలి. 'బౌన్స్ లైటింగ్' అనే ఈ పద్ధతిని మిత్ర తరువాతి చిత్రాల్లోనూ వాడారు. ఫొటో స్టూడియోలో దీపాన్ని మీవైపు కాక తెల్లగొడుగు లోపలికి తిప్పడం చూసే ఉంటారు. అదీ ఇదే.

పంచె స్థానంలో అద్దం పెట్టి చూడండి. నీడ మళ్ళీ పదునెక్కుతుంది. ఎందుకు? ఎర్రచీర వేలాడదీస్తే మీ చెయ్యి ఏ రంగులో కనిపిస్తుంది? చూసి నోటుపుస్తకంలో రాసుకోండి.