బోరు వేసి నూనె తీసిన డ్రేక్

అనంతపురం జిల్లాలో బోరు బండిని చూడని ఆడమనిషి ఉండదు. 500 అడుగులు, 600 అడుగులు వేయిస్తారు. కొందరికి నీళ్లు పడతాయి. ఎందరికో దుమ్మే లేస్తుంది. అప్పు మిగులుతుంది.

అమెరికాలో ఒక మనిషి నీళ్ల కోసం కాదు, నూనె కోసం బోరు వేశాడు. అది శెనక్కాయ నూనె కాదు. భూమిలో రాళ్ల మధ్య ఊరే ముడినూనె. దాని నుండే సీమనూనె తీస్తారు. పెట్రోలియం అంటే రాతినూనె అని అర్థం.

ఆ మనిషి పేరు ఎడ్విన్ డ్రేక్. 1819లో పుట్టాడు. రైలులో కండక్టరు పని చేశాడు. ఒంట్లో బాగాలేక ఆ పని మానుకున్నాడు. అయినా రైలులో ఉచితంగా తిరిగే పాసు చేతిలో ఉంది. ఒక నూనె కంపెనీ ఆయన్నే ఎంచుకోవడానికి అదీ ఒక కారణం! కంపెనీవాళ్లు ఆయన పేరు ముందు 'కర్నల్' అని తగిలించి ఊరికి ఉత్తరాలు పంపారు. ఆయన ఏనాడూ కర్నల్ కాదు. పెద్ద పేరు ఉంటే ఊళ్లో మర్యాద దొరుకుతుందని వాళ్ల లెక్క.

ఆ ఊరు పెన్సిల్వేనియా రాష్ట్రంలోని టైటస్‌విల్. అక్కడ వాగు నీళ్ల మీద నూనె తేలేది. జనం కంబళ్లు ముంచి, పిండి, ఆ నూనెను మందుగా వాడేవాళ్లు. దాన్ని కాచి శుద్ధి చేస్తే దీపాలకు పనికొస్తుందని అప్పటికే తెలిసింది. ఆ రోజుల్లో దీపాలకు తిమింగలం నూనె వాడేవాళ్లు. అది చాలా ఖరీదు.

డ్రేక్ మొదట బావి తవ్వించాడు. నీళ్లు ఊరి బావి నిండింది. అప్పుడు ఆవిరి యంత్రం తెచ్చి బోరు మొదలుపెట్టాడు. బోరు వేసే పనికి కమ్మరి విలియం స్మిత్ వచ్చాడు. అందరూ అతన్ని 'బిల్లీ మామ' అనేవాళ్లు. పైన మన్ను మెత్తన. తవ్విన గుంత తవ్వినట్టే కూలిపోయేది. డ్రేక్ ఒక ఉపాయం చేశాడు. ఇనుప గొట్టాన్ని 32 అడుగుల లోతు దాకా, రాయి తగిలేవరకు దిగగొట్టాడు. ఆ గొట్టం లోపలినుంచి రాయిని తొలిచాడు. మన బోర్లకు కేసింగు పైపు దింపేది కూడా ఇందుకే. మన్ను ఉన్నంతవరకు పైపు, రాయి వచ్చినాక ఉత్త బోరు.

రోజుకు 3 అడుగులే దిగేది. ఊరివాళ్లు పిచ్చోడన్నారు. కంపెనీ డబ్బు అయిపోయింది. తెలిసినవాళ్లు పూచీ ఉంటే అప్పు తెచ్చాడు. పని ఆపెయ్యమని కంపెనీ ఉత్తరం రాసింది. ఆ ఉత్తరం చేతికి రాకముందే, 1859 ఆగస్టు 27న, శనివారం, బోరు 69 అడుగుల పైకి చేరి ఒక సందులోకి జారింది. మరునాడు బిల్లీ మామ తొంగి చూస్తే నూనె తేలుతోంది. నీళ్లు తోడే చేతి పంపుతోనే నూనె తోడారు.

అక్టోబరులో బిల్లీ మామ వెలిగే దీపం పట్టుకుని బావి దగ్గరికి పోయాడు. మంటలంటుకుని అంతా కాలిపోయింది. మళ్లీ కట్టుకున్నారు.

డ్రేక్‌ను చూసి వేలమంది ఆ లోయకు పరుగెత్తారు. ఎందరికో ఖాళీ బోర్లే మిగిలాయి. నూనె పడినవాళ్లకూ సుఖం లేదు. 1860 మొదట్లో పీపా నూనె 20 డాలర్లు. 1861 చివరికి 10 సెంట్లు, అంటే డాలరులో పదోవంతు. టమోటా ధర పడిపోతే రోడ్డు మీద పారబోసిన రైతుకు ఈ లెక్క వేరే చెప్పనక్కరలేదు.

డ్రేక్ తన పద్ధతి మీద హక్కు రాయించుకోలేదు. ఉన్న డబ్బు నూనె వ్యాపారంలో పెట్టి పోగొట్టుకున్నాడు. నడుము నొప్పితో మంచం పట్టాడు. భార్య లారా కుట్టుపని చేసి ఇల్లు నడిపింది. ఆ సంగతి తెలిసి పెన్సిల్వేనియా ప్రభుత్వం ఏడాదికి 1500 డాలర్ల భృతి ఇచ్చింది. 1880లో డ్రేక్ చనిపోయాడు.