క్షయ క్రిమి – కణాల సందేశాలు – జన్యు భేదాలు

ఒకే ఇంటిలో నివసించి, ఒకే గాలి పీల్చి, ఒకే వంట తిన్న నలుగురిలో ఒకరు క్షయవ్యాధికి గురి అవుతారు. మిగిలిన ముగ్గురు ఆరోగ్యంగా తిరుగుతూ ఉంటారు. ఈ భేదానికి కారణమేమి? పూర్వులు కొందరు దీనిని విధి అన్నారు, కొందరు వంశదోషమన్నారు. 1882 మార్చి 24న జర్మన్ శాస్త్రజ్ఞుడు రాబర్ట్ కాక్ క్షయకు మూలమైన సూక్ష్మజీవిని తాను కనుగొన్నట్లు బెర్లిన్ నగరంలో ప్రకటించిన పిమ్మట వంశదోషమనే మాట వెనుకబడింది. క్రిమి లేనిదే క్షయ లేదని స్థిరపడింది. కాని క్రిమి సోకిన ప్రతివారికీ వ్యాధి రాదు. ప్రపంచ జనాభాలో సుమారు నాల్గవ వంతు మందికి ఈ క్రిమి సోకి ఉన్నదని అంచనా. అట్టివారిలో జీవితకాలంలో వ్యాధిగ్రస్తులయ్యేవారు నూటికి 5 నుండి 10 మంది మాత్రమే. మిగిలిన 90 మందిని కాపాడుతున్న శక్తి ఏది? ఆ శక్తి కొందరిలో ఎందుకు కొరవడుతుంది? ప్రపంచంలోని క్షయ రోగులలో సుమారు నాల్గవ వంతు మంది మన దేశంలోనే ఉన్నారు గనుక ఈ ప్రశ్న మనకు కేవలం పాఠ్యవిషయం కాదు. మన ఇండ్లకు సంబంధించిన విషయం.

లూబెక్ నగరం నేర్పిన పాఠం

ఫ్రెంచి శాస్త్రజ్ఞులు కాల్మెట్, గెరాన్ ఆవులలో క్షయను కలిగించే క్రిమిని అనేక సంవత్సరాలు ప్రయోగశాలలో పెంచి, దాని విషశక్తిని క్షీణింపజేసి బి.సి.జి. టీకాను తయారుచేశారు. 1921లో అది మొదటిసారి మానవ శిశువుకు ఇవ్వబడింది. మన దేశంలో 1948లో మదనపల్లెలో ఈ టీకాను ప్రయోగాత్మకంగా వేయడం ప్రారంభించారు.

ఈ మధ్యకాలంలో జర్మనీలోని లూబెక్ నగరంలో ఘోరమైన ప్రమాదం ఒకటి జరిగింది. 1929–30 సంవత్సరాలలో అక్కడ 251 మంది నవజాత శిశువులకు నోటిద్వారా ఇచ్చిన టీకాలో పొరపాటున సజీవమైన, ప్రబలమైన క్షయ క్రిములు కలిసిపోయాయి. 72 మంది శిశువులు మరణించారు. 173 మందిలో వ్యాధి లక్షణాలు కనిపించినా వారు కోలుకున్నారు. ఆనాడు క్షయకు మందు లేదని గుర్తుంచుకోవాలి. అందరికీ చేరిన క్రిముల సంఖ్య ఒకటి కాదన్నది నిజమే. ఎక్కువ క్రిములు చేరినవారికి ఎక్కువ హాని జరిగింది. అయినప్పటికీ మందు లేకుండానే ఇంతమంది పసివారు ప్రబలమైన క్రిమిని జయించారన్న సత్యం శాస్త్రజ్ఞులను ఆలోచింపజేసింది.

1943లో అమెరికాలో కాల్మన్, రైస్నర్ అనే పరిశోధకులు కవలలను పరిశీలించారు. ఒకే అండం నుండి పుట్టిన కవలలలో ఒకరికి క్షయ వస్తే రెండవవారికి కూడా వచ్చే సందర్భాలు, వేర్వేరు అండాల నుండి పుట్టిన కవలలలో కంటే చాలా ఎక్కువగా ఉన్నట్లు వారు గమనించారు. క్రిమి బయటినుండి వచ్చినా, దానిని ఎదుర్కొనే శక్తిలో కొంత భాగం పుట్టుకతో వస్తుందని దీనివలన తెలిసింది. ఆ పుట్టుక శక్తి శరీరంలో ఎక్కడ ఉన్నది? దీనికి సమాధానం దొరకడానికి మరి అర్ధశతాబ్దం పట్టింది.

కణముల మధ్య ఉత్తర ప్రత్యుత్తరాలు

మన శరీరంలోని రక్షక కణాలు ఒంటరిగా పోరాడవు. అవి సూక్ష్మమైన ప్రోటీన్ల రూపంలో ఒకదానికొకటి సందేశాలు పంపుకుంటాయి. ఈ సందేశక ప్రోటీన్లకు సైటోకైన్లు అని పేరు. ఇంటర్ఫెరాన్లు, ఇంటర్‌ల్యూకిన్లు ఈ కుటుంబంలోనివే. 1957లో ఐజాక్స్, లిండెన్‌మాన్ అనే శాస్త్రజ్ఞులు ఇంటర్ఫెరాన్‌ను కనుగొన్నప్పటినుండి ఈ శాస్త్రం వేగంగా పెరిగింది.

క్షయ క్రిమి ఊపిరితిత్తులలో ప్రవేశించినప్పుడు మాక్రోఫేజ్ అనే భక్షక కణం దానిని మ్రింగుతుంది. కాని ఈ క్రిమి జిత్తులమారి, మ్రింగబడినా చావదు. భక్షక కణాన్నే తన నివాసంగా మార్చుకుంటుంది. అప్పుడు ఆ కణం ఇంటర్‌ల్యూకిన్-12 అనే సందేశాన్ని వెలువరిస్తుంది. టి-కణాలు, సహజ హంతక కణాలు అనే మరి రెండు జాతుల రక్షక కణాల ఉపరితలంపై ఈ సందేశాన్ని అందుకొనే గ్రాహకాలు ఉన్నవి. తాళంలో తాళపుచెవి ఇమిడినట్లు సందేశం గ్రాహకంలో ఇముడుతుంది. గ్రాహకం లోపలి భాగానికి అంటిపెట్టుకొని ఉన్న టిక్-2, జాక్-2 అనే ఎంజైములు ఆ వార్తను కణం లోపలికి చేరవేస్తాయి. ఫలితంగా ఆ కణాలు ఇంటర్ఫెరాన్-గామా అనే ప్రత్యుత్తరాన్ని పంపుతాయి. ఆ ప్రత్యుత్తరం అందిన భక్షక కణం ఉత్తేజితమై, తనలో దాగిన క్రిమిని చంపగలుగుతుంది.

ఈ విధానంలో సందేశం పంపేవాడు, సందేశం, దానిని అందుకొనే గ్రాహకం, లోపలికి చేర్చే దూత అనే నాలుగు అంగాలు ఉన్నట్లు విద్యార్థులు గమనించగలరు. ఈ నాలుగింటిలో ప్రతిదానిని ఏదో ఒక జన్యువు నిర్మిస్తుంది. ఏ జన్యువులో లోపం ఏర్పడినా ఉత్తరం చేరదు, చేరినా చదవబడదు.

తెగిన తీగలు

1996లో ఈ విషయం మొదటిసారి ప్రత్యక్షంగా రుజువైంది. మధ్యధరా సముద్రంలోని మాల్టా దీవిలో ఒకే గ్రామానికి చెందిన కొందరు పిల్లలు, సాధారణంగా ఎవరికీ హాని చేయని, నీటిలోను మట్టిలోను ఉండే క్షయజాతి క్రిముల వలన తీవ్రంగా జబ్బుపడ్డారు. ట్యునీసియా దేశానికి చెందిన ఒక శిశువు బి.సి.జి. టీకాలోని బలహీనమైన క్రిమి శరీరమంతా వ్యాపించి మరణించాడు. రెండు పరిశోధక బృందాలు వేర్వేరుగా పరిశీలించి ఒకే నిర్ణయానికి వచ్చాయి: ఆ పిల్లలలో ఇంటర్ఫెరాన్-గామాను అందుకొనే గ్రాహకపు జన్యువు లోపించింది. వారి శరీరంలో ప్రత్యుత్తరం తయారవుతూనే ఉన్నది; అందుకొనేవాడు లేడు.

1998లో ఇంటర్‌ల్యూకిన్-12 గ్రాహకంలోని ఒక భాగపు జన్యులోపం బయటపడింది. ఇట్టి పిల్లలు బి.సి.జి. క్రిమికి, సాల్మొనెల్లా అనే మరొక క్రిమికి సులభంగా లోబడతారు. ఈ రంగంలో ఫ్రాన్సుకు చెందిన జాన్-లోరాన్ కాసనోవా, ఆయన సహచరుల కృషి ప్రత్యేకంగా పేర్కొనదగినది.

ఈ జ్ఞానం కేవలం పేర్లు పెట్టుటకు మాత్రమే కాదు, చికిత్సకు కూడా మార్గం చూపింది. ఇంటర్‌ల్యూకిన్-12 గ్రాహకం లేనివారికి ఇంటర్ఫెరాన్-గామా తయారు కావడం తగ్గుతుంది. కాని దానిని అందుకొనే గ్రాహకం చక్కగా ఉంటుంది. కనుక క్రిమినాశక మందులతోపాటు ఇంటర్ఫెరాన్-గామా ఇంజెక్షన్ ఇస్తే ఫలితం ఉండవచ్చు. ఇంటర్ఫెరాన్ గ్రాహకమే పూర్తిగా లేనివారికి ఆ ఇంజెక్షన్ ఎంత ఇచ్చినా వృథాయే. వారికి ఎముక మజ్జ మార్పిడి వంటి మార్గం వెదకవలసి ఉంటుంది. వ్యాధి పైకి ఒకటిగా కనిపించినా, తీగ ఎక్కడ తెగినదో తెలిసినప్పుడే సరియైన చికిత్స సాధ్యమని దీని సారాంశం.

దగ్గరి బంధువులలో వివాహాలు – ఒక లెక్క

ఇంటర్‌ల్యూకిన్-12 గ్రాహక లోపం అంతర్గత లక్షణం. అనగా తల్లినుండి ఒకటి, తండ్రినుండి ఒకటి – రెండు జన్యువులూ లోపించినప్పుడే వ్యాధికి అవకాశం. ఒకటి మాత్రమే లోపించినవారు ఆరోగ్యంగా ఉంటారు; తమలో లోపమున్నదని వారికి తెలియను కూడ తెలియదు.

లెక్క కొరకు ఒక లోపజన్యువు 500 జన్యువులలో ఒకటిగా ఉన్నదనుకొందాం. బంధుత్వం లేని దంపతులకు రెండు లోపజన్యువులతో శిశువు జన్మించే అవకాశం 500ను 500తో హెచ్చించగా వచ్చిన 2,50,000లో ఒకటి. అన్నదమ్ముల లేదా అక్కచెల్లెండ్ర బిడ్డలు, మేనత్త మేనమామల బిడ్డలు పరస్పరం వివాహమాడినప్పుడు, ఒకే పూర్వికుని జన్యువు రెండు వైపులనుండీ వచ్చి శిశువులో కలిసే అవకాశం 16లో ఒకటి. దీనిని లెక్కలోనికి తీసుకుంటే వ్యాధి అవకాశం సుమారు 7,800లో ఒకటికి పెరుగుతుంది. మేనమామ, మేనకోడలు వివాహమైతే ఆ 16 స్థానంలో 8 వస్తుంది గనుక అవకాశం సుమారు 3,900లో ఒకటి అవుతుంది.

ఈ అంకెలను రెండు విధాలుగా చదవవచ్చు. అపాయం ముప్పది రెట్లు పెరిగిందన్నది ఒక సత్యం. 7,800 మందిలో 7,799 మంది శిశువులకు ఈ లోపం ఉండదన్నది రెండవ సత్యం. కనుక దగ్గరి బంధువులను వివాహమాడిన తల్లిదండ్రులను నిందించుట అవివేకం. మన సమాజంలో ముస్లిం కుటుంబాలలోను, తెలుగు హిందూ కుటుంబాలలోను ఏదో ఒక రూపంలో ఈ ఆచారం ఉన్నది. ఆస్తి, ఆప్యాయత, ఆడపిల్ల భద్రత వంటి కారణాలు దీనివెనుక ఉన్నవి. కాని ఇట్టి కుటుంబంలో ఒక శిశువు అసాధారణమైన వ్యాధితో మరణించినప్పుడు తరచు ఆ నేరం తల్లిపై మోపబడుతున్నది. లోపజన్యువు తల్లినుండి ఎంత వచ్చిందో తండ్రినుండీ అంతే వచ్చిందని ఈ లెక్క స్పష్టం చేస్తున్నది. ఈ ఒక్క విషయాన్ని విద్యార్థులు తమ ఇండ్లలో చెప్పగలిగితే శాస్త్రం చదివినందుకు సార్థకత కలుగుతుంది.

మరొక ముఖ్య విషయం. మన దేశంలో బి.సి.జి. టీకా పుట్టగానే వేయబడుతున్నది. పసిపిల్లలకు వచ్చే మెదడుపొరల క్షయను, శరీరమంతా వ్యాపించే క్షయను నివారించుటలో దాని ఉపకారం గొప్పది. దానిని మానుకొనవలెనని ఎవరూ భావించరాదు. అయితే కుటుంబంలో ముందుపుట్టిన శిశువుకు ఈ టీకావలన క్రిమి శరీరమంతా వ్యాపించి ఉన్నా, కారణం తెలియని తీవ్రమైన అంటువ్యాధులతో శిశువు మరణించి ఉన్నా, తరువాతి శిశువుకు టీకా వేయుటకు పూర్వమే ఆ సంగతి వైద్యునికి తప్పక చెప్పాలి. ఈ చిన్న మాట ఒక ప్రాణాన్ని కాపాడవచ్చు.

ఒకే జన్యువు – రెండు ముఖాలు

పైన చెప్పినవి అరుదైన, సంపూర్ణమైన లోపాలు. ఇంతకంటే సూక్ష్మమైన భేదాలు కూడా ఉన్నవి. టిక్-2 అనే దూతను గురించి ముందే చెప్పుకున్నాము. ఈ ప్రోటీనులో 1104వ స్థానంలో ప్రోలీన్ అనే అమైనో ఆమ్లానికి బదులు అలనీన్ ఉండే రూపం ఒకటి గలదు. యూరోపియన్ సంతతివారిలో సుమారు 600 మందిలో ఒకరికి రెండు జన్యువులూ ఈ రూపంలోనే ఉంటాయి. ఇతర ఖండాలలో ఇది అరుదు. ఇట్టివారికి క్షయవ్యాధి వచ్చే అవకాశం ఎక్కువని 2018లో వెల్లడైంది. ప్రాచీన అస్థికలనుండి తీసిన జన్యుపదార్థాన్ని పరిశీలించగా, గత 2,000 సంవత్సరాలలో యూరపులో ఈ రూపం క్రమంగా తగ్గిందని 2021లో ప్రకటించారు. క్షయవ్యాధి తనకు లోబడినవారిని తరతరాలుగా తొలగిస్తూ వచ్చిందన్నమాట.

ఆశ్చర్యకరమైన విషయమేమనగా, ఇదే రూపం గలవారికి సోరియాసిస్ అనే చర్మవ్యాధి, కీళ్ళవాతం వంటి, శరీరం తనపై తానే దాడి చేసుకొనే వ్యాధులు తక్కువగా వస్తాయి. సందేశం మందగించినందున క్రిమిపై పోరాటం బలహీనపడింది. ఆ మందగింపే ఆత్మహింసను తగ్గించింది. ఈ సత్యం ఆధారంగా టిక్-2 పనిని నిరోధించే డ్యూక్రావాసిటినిబ్ అనే మందు తయారై, 2022లో సోరియాసిస్ చికిత్సకు అమెరికాలో అనుమతి పొందింది.

సందేశాలను అడ్డగించే మందులవలన జాగ్రత్త కూడా అవసరమే. ట్యూమర్ నెక్రోసిస్ ఫ్యాక్టర్ అనే మరొక సైటోకైను భక్షక కణాలు కట్టిన కోట కూలకుండా కాపాడుతుంది. కీళ్ళవాతం వంటి వ్యాధుల కొరకు దానిని అడ్డగించే ఇన్‌ఫ్లిక్సిమాబ్ మందు వాడినవారిలో 70 మందికి క్షయ వచ్చినట్లు 2001లో ఒక నివేదిక తెలిపింది. అప్పటినుండి ఇట్టి మందులకు ముందు రోగిలో క్షయ క్రిమి దాగి ఉన్నదేమో పరీక్షించుట ఆచారమైంది.

జన్యువు విధి కాదు

ఇంతమాత్రం చేత క్షయకు జన్యువులే కారణమని తలచరాదు. గ్రాహక లోపం పూర్తిగా ఉన్నవారిలోనే కొందరు జబ్బుపడకుండా జీవిస్తున్నారు. క్షయవ్యాధిగ్రస్తులలో అత్యధికుల విషయంలో పోషకాహార లోపం, ఇరుకైన గాలిరాని ఇండ్లు, మధుమేహం, పొగత్రాగుట, హెచ్.ఐ.వి. వంటివే ప్రధాన కారణాలు. జార్ఖండ్ రాష్ట్రంలో క్షయరోగుల కుటుంబసభ్యులకు అదనపు ఆహారం అందించగా వారిలో క్షయ సుమారు 40 శాతం తగ్గిందని 2023లో ప్రకటించిన పరిశోధన తెలియజేసింది. వారి జన్యువులు మారలేదు; కంచంలోని అన్నం మారింది.

కాబట్టి ఈ శాస్త్రం మనకు రెండు పాఠాలు నేర్పుతున్నది. ఒకటి, వ్యాధికి లోబడిన వ్యక్తి దోషి కాడు. అతని కణాలలో ఒక ఉత్తరం చేరకపోయి ఉండవచ్చు. రెండు, మనం మార్చలేని జన్యువుల ప్రక్కనే మనం మార్చగలిగిన ఆహారం, గాలి, వెలుతురు, సకాల చికిత్స ఉన్నవి. జీవశాస్త్ర విద్యార్థులు మొదటి పాఠాన్ని ప్రయోగశాలలో అభ్యసించి, రెండవ పాఠాన్ని తమ వీధులలో ఆచరించుటకు పూనుకొందురు గాక.