పంచుకొనబడు లైబ్రరీ ఫైళ్లు

గత సంవత్సరము సంచిక కొరకు మీరు వ్రాసి యిచ్చిన వ్యాసములన్నియు పాఠశాల యందలి లైనక్సు కంప్యూటరులో నుండెను. వానిని ముద్రణాలయమునకు పంపవలసిన నాటి ముందు సాయంకాలము, డిస్కులో స్థలము చాలకుండుట చూచి, ప్రయోజనము తెలియని యొక ఫైలును నేనే తొలగించితిని. పిమ్మట వ్యాసములను వెదకు రికాల్ అను ప్రోగ్రాము తెరువబడలేదు. ఉత్తరములను వెదకు నాట్‌మచ్ అను ప్రోగ్రాము సయితము పనిచేయలేదు. ఒక్క ఫైలు పోయినంత మాత్రమున రెండు ప్రోగ్రాములేల నిలిచిపోవలెను? దానికి సమాధానమే యీ పాఠము.

తరగతిలో ప్రతి విద్యార్థియు బ్రౌను నిఘంటువును మోసికొని రానక్కరలేదు. ఒక్క ప్రతి గ్రంథాలయమున నున్నచో అందరును దానినే చూచుకొందురు. ప్రోగ్రాముల సంగతియు నట్టిదే. అనేక ప్రోగ్రాములకు కావలసిన పనులను ఒక్క ఫైలులో నుంచినచో దానిని పంచుకొనబడు లైబ్రరీ యందురు. లైనక్సునందు దాని పేరులో 'ఎస్‌ఓ' అను అక్షరములుండును. ప్రోగ్రాము ఆరంభమగునపుడు లోడరు అను భాగము, దానికి కావలసిన లైబ్రరీల పేర్లను చదివి, వానిని వెదకి కలుపును. ఒక్కటి దొరకకున్నను ప్రోగ్రాము కదలదు.

నేను తొలగించినది జాపియన్ అను లైబ్రరీ. పైన చెప్పిన రెండు ప్రోగ్రాములును దానిమీదనే ఆధారపడియున్నవి. పుస్తకము చివర నుండు అకారాది సూచికవంటి దానిని అది సిద్ధపరచును. 'గోదావరి' అను మాట 3, 17, 40 సంఖ్యలుగల పత్రములలోను, 'వంతెన' అను మాట 17, 52 సంఖ్యలుగల పత్రములలోను ఉన్నవనుకొనుడు. రెండు మాటలును గల పత్రమును కోరినచో, రెండు వరుసలను పోల్చి 17 అని చెప్పును. ప్రతి పత్రమును మొదటినుండి చదువ నవసరము లేదు.

ఆబ్జెక్టు డేటాబేసులకును ఇట్టి ఆధారమే కలదు. సామాన్యమైన డేటాబేసులో విద్యార్థి పేరొక పట్టికలోను, మార్కులు వేరొక పట్టికలోను ఉండును. ఆబ్జెక్టు డేటాబేసులో విద్యార్థి అను ఆబ్జెక్టు, తన మార్కులతోడి సంబంధముతో సహా, ఉన్నదున్నట్లు భద్రపరచబడును. పైథాను భాషకు చెందిన జడ్ఓడిబి ఇట్టిది. అయితే ఆ ఆబ్జెక్టు స్వరూపమును వివరించు భాగము డేటాబేసులో గాక ప్రోగ్రాములో నుండును. ఆ భాగము పోయినచో సమాచారము డిస్కుపై నిలిచియున్నను దానిని యథారూపమున వాడుకొనుట సాధ్యము కాదు. 'ఎస్‌ఓ' లోని 'ఓ' కూడ ఆబ్జెక్టు అనియే అర్థమిచ్చును గాని, అది యంత్రభాషలోని భాగము. డేటాబేసు ఆబ్జెక్టు వేరు. ఈ రెంటిని కలిపి పొరబడకుడు.

పంచుకొనుటలో లాభమును కలదు, అపాయమును కలదు. 2014వ సంవత్సరము ఏప్రిలు నెలలో ఓపెన్‌ఎస్‌ఎస్‌ఎల్ అను లైబ్రరీలో హార్ట్‌బ్లీడ్ అను గొప్ప దోషము బయలుపడెను. ఒక్క లోపము వలన లెక్కకు మిక్కిలి యంత్రములు అపాయమునకు లోనయ్యెను. అయినను పంచుకొనబడు ఫైలును సరిచేసి, ప్రోగ్రాములను మరల ఆరంభించినచోట, వానికన్నిటికిని ఒకేసారి రక్షణ కలిగెను. ఆ లైబ్రరీని తమలోనే కలుపుకొనిన ప్రోగ్రాములను మాత్రము ఒక్కొక్కదానినే సరిచేయవలసి వచ్చెను.

మరి లైబ్రరీ మారినపుడు పాత ప్రోగ్రాములు చెడవా? అందులకే పేరు చివర సంఖ్య నుంచుదురు. జాపియన్ 1.2 వరుసకు 22, 1.4 వరుసకు 30 అను సంఖ్యలు వాడబడినవి. చిన్న మరమ్మతులకు సంఖ్య మారదు. పాత ప్రోగ్రాములకు సరిపడని మార్పు కలిగినపుడే మారును. రెండు సంఖ్యల ఫైళ్లును ఒకే యంత్రములో నుండవచ్చును. ప్రతి ప్రోగ్రామును తనకు తగినదానిని తీసికొనును.

నాటి రాత్రి జాపియన్‌ను మరల స్థాపించగా రెండు ప్రోగ్రాములును లేచినవి. వ్యాసములకు గాని సూచికకు గాని యేమియు హాని కలుగలేదు. మరునాడు వ్యాసములు ముద్రణాలయమునకు చేరినవి. తొలగించుటకు ముందు ఆ ఫైలు ఏ ప్యాకేజీలోనిదో, దానిపై ఏవి ఆధారపడియున్నవో ప్యాకేజీల నిర్వాహక ప్రోగ్రామును అడిగియుండినచో ఈ శ్రమయే లేకపోవును. నేను అడుగలేదు. మీరు అడుగుడు. పలువురికి చెందిన వస్తువుపై చేయి వేయుటకు ముందు, అది ఎవరెవరికి ఆధారమో తెలిసికొనుడు.