అరచేతిలో ప్రోగ్రామింగ్: తొలితరం కాలిక్యులేటర్లు, వాటి పేర్లు

పర్సనల్ కంప్యూటర్ ఇళ్లలోకి రాకముందే, 1970ల్లో ఇంజినీర్ల చేతికి ప్రోగ్రామ్ రాసుకునే యంత్రం అందింది. మోడల్ పేర్లలోని అంకెలు, అక్షరాల అర్థం తెలిస్తే ఈ చరిత్ర సులువుగా గుర్తుంటుంది.

ముఖ్యాంశాలు

● హెచ్‌పీ-35 (1972): హ్యూలెట్-ప్యాకార్డ్ (హెచ్‌పీ) తయారీ. చేతిలో ఇమిడే తొలి సైంటిఫిక్ కాలిక్యులేటర్. దీనికి 35 మీటలు ఉండటం వల్లే ఆ పేరు. ధర 395 డాలర్లు. ప్రోగ్రామింగ్ సదుపాయం లేదు.

● హెచ్‌పీ-65 (1974): మాగ్నెటిక్ కార్డుతో ప్రోగ్రామ్ చేయగల తొలి చేతి కాలిక్యులేటర్. 100 అంచెల ప్రోగ్రామ్‌ను కార్డుపై భద్రపరచవచ్చు. 1975లో అమెరికా, సోవియట్ యూనియన్ల ఉమ్మడి అంతరిక్ష యాత్ర అపోలో-సోయుజ్‌లో దీన్ని తీసుకెళ్లారు.

● ఎస్ఆర్-52 (1975): టెక్సాస్ ఇన్‌స్ట్రుమెంట్స్ తయారీ. ‘ఎస్ఆర్’ అంటే స్లైడ్ రూల్. కాలిక్యులేటర్లు వచ్చాక మూలపడిన గణన సాధనం పేరే ఇది.

● హెచ్‌పీ-25సీ (1976): ‘సీ’ అంటే కంటిన్యుయస్ మెమరీ. స్విచ్ ఆపేసినా ప్రోగ్రామ్ చెరిగిపోదు.

● హెచ్‌పీ-41సీ (1979): తెరపై అక్షరాలనూ చూపింది. తర్వాతి 41సీవీలో ‘వీ’ రోమన్ అంకె అయిదు. మెమరీ అయిదింతలైందని సూచన.

గుర్తుంచుకోండి: ఈ హెచ్‌పీ యంత్రాల్లో ముందు సంఖ్యలు, తర్వాత గుర్తు నొక్కాలి. 3, ఎంటర్, 4, + నొక్కితే 7 వస్తుంది. ఇదే రివర్స్ పోలిష్ నొటేషన్. దీనికి మూలమైన పద్ధతిని రూపొందించిన తర్కశాస్త్రవేత్త యాన్ వుకాషెవిచ్ పోలండ్ దేశస్థుడు.

మాదిరి ప్రశ్న: అపోలో-సోయుజ్ యాత్రలో వాడిన ప్రోగ్రామబుల్ కాలిక్యులేటర్ ఏది?
1) హెచ్‌పీ-35 2) హెచ్‌పీ-65 3) ఎస్ఆర్-52 4) హెచ్‌పీ-41సీ
జవాబు: 2