తెర వెనుక పని

రాత్రి వంటలయ్యాయి. ఆడవాళ్లు టీవీ ముందు కూర్చున్నారు. సీరియల్‌లో తల్లి తలుపు తీసింది. గడప దగ్గర కొడుకు! తల్లి కళ్ళల్లో నీళ్ళు. చూసేవాళ్ళ కళ్ళూ తడిశాయి.

తల్లి ముఖం ఒకరోజు తీసి ఉండొచ్చు. కొడుకు ముఖం మరోరోజు తీసి ఉండొచ్చు. ఒకే మాటను నాలుగైదుసార్లు కూడా తీస్తారు. ఈ ముక్కలన్నీ ఎడిటర్ దగ్గరికి వస్తాయి. ఎడిటర్ చేసే పనిని ఎడిటింగ్ అంటారు. తెలుగులో 'కూర్పు' అంటారు.

ఎడిటర్ ప్రతి ముక్కా చూస్తారు. బాగున్నవి ఏరుతారు. అక్కర్లేనివి తీసేస్తారు. పూలు ఏరి దండ కట్టినట్టు వరసగా కలుపుతారు. ఏడుపు ఎక్కువసేపు చూపిస్తే విసుగు. తక్కువ చూపిస్తే మనసుకు పట్టదు. ఎక్కడ ఆపాలో ఎడిటర్‌కి తెలియాలి. వెనకటి రోజుల్లో సినిమా రీలును కత్తిరించి అతికించేవారు. ఇప్పుడు ఆ పని కంప్యూటర్ మీద చేస్తున్నారు.

ఈ పనిలో పేరు తెచ్చుకున్న ఆడమనిషి రేణు సలూజా. ఆమె 1952లో పుట్టింది. పుణెలో సినిమా పని నేర్పే ప్రభుత్వ సంస్థ ఉంది. అక్కడ డైరెక్షన్ నేర్చుకోవాలనుకుంది. సీటు రాలేదు. మళ్ళీ దరఖాస్తు పెట్టింది. ఈసారి ఎడిటింగ్‌లో సీటు వచ్చింది. 1976లో చదువు పూర్తి చేసింది.

ఆ రోజుల్లో ఎడిటింగ్ చేసే ఆడవాళ్ళు తక్కువ. ఆమె వెనక్కి తగ్గలేదు. 1983లో రెండు హిందీ సినిమాలు వచ్చాయి. 'జానే భీ దో యారో' నవ్వించే సినిమా. 'అర్ధ్ సత్య' ఒక పోలీసు కథ. రెండింటికీ ఎడిటింగ్ ఆమే చేసింది. మన హైదరాబాదులో తీసిన 'హైదరాబాద్ బ్లూస్' కూడా ఆమె చేతి పనే. అది 1998లో వచ్చింది.

ఆమెకు నాలుగుసార్లు జాతీయ అవార్డు వచ్చింది. 2000లో క్యాన్సర్‌తో చనిపోయింది. అప్పటికి ఆమెకు 48 ఏళ్ళే.

సినిమా చూసినవాళ్ళకు ఆమె ముఖం తెలియదు. తెర మీద ఆమె పేరు మాత్రం ఉంది. చదువు వచ్చినవాళ్ళు ఆ పేరు చదవగలరు. ఇకమీదట తెర మీద పేర్లు వస్తుంటే లేచి వెళ్ళకండి. 'కూర్పు' అనో, 'ఎడిటింగ్' అనో ఉంటుంది. పక్కనున్న పేరు చదవండి.

చెప్పండి:
1. ఎడిటర్ ఏ పని చేస్తారు?
2. డైరెక్షన్‌లో సీటు రాకపోతే రేణు సలూజా ఏం చేసింది?

రాయండి:
మీరు రోజూ చేసే పనుల్లో ఎవరి కంటా పడని పని ఏది? అది ఆగిపోతే ఏమవుతుంది? రెండు వాక్యాలు రాయండి.