గుణచిత్ర నటుడు ఎస్.వి. రంగారావు

కళాశాల వార్షికోత్సవానికి నాటకం నిర్ణయమైనంతనే విద్యార్థులలో నాయక పాత్ర కోసం పోటీ మొదలవుతుంది. గుమ్మలక్ష్మీపురం వంటి కొండప్రాంతమైనా, మహానగరమైనా ఇది సహజమే. తండ్రి, మంత్రి, ప్రతినాయకుడు మున్నగు పాత్రలు మిగిలినవారికి దక్కుతాయి. ఈ మిగిలిన పాత్రలకు ప్రాణం పోయగలవానినే గుణచిత్ర నటుడంటాము. కథ బరువులో అధికభాగం అతని భుజాలపైననే ఉంటుందనుటకు ఎస్.వి. రంగారావు గారి జీవితం చక్కని నిదర్శనం.

సామర్ల వెంకట రంగారావు గారు 1918 జూలై 3న నూజివీడులో జన్మించారు. విశాఖపట్నం, కాకినాడలలో కళాశాల విద్యనభ్యసించారు. కాకినాడలోని యంగ్‌మెన్స్ హ్యాపీ క్లబ్ నాటకాలు ఆయన నటనకు పునాది వేశాయి. కొంతకాలం అగ్నిమాపక శాఖలో ఉద్యోగం చేశారు. ‘వరూధిని’ చిత్రంలో ప్రవరాఖ్యుడుగా, అనగా నాయకుడుగానే, తెరపైకి వచ్చారు. ఆ చిత్రం విజయవంతం కాలేదు. జీవనోపాధికై జంషెడ్‌పూర్ వెళ్లి టాటా సంస్థలో పనిచేయవలసి వచ్చింది. అటుపై మద్రాసుకు తిరిగివచ్చిన ఆయనకు 1951లో ‘పాతాళభైరవి’లోని నేపాళ మాంత్రికుని పాత్ర లభించింది. నాయకుడుగా రాని కీర్తి ప్రతినాయకుడుగా వచ్చింది.

ఆయన నటనలోని విశేషమేమిటి? పాత్రలో పరస్పర విరుద్ధమైన రెండు గుణాలను ఒకేచోట నిలుపగలగడం. 1955లో వచ్చిన ‘బంగారు పాప’లో కోటయ్య పగతో రగిలే మోటు మనిషి; అనాథయైన పసిపాప చేతికి రాగానే ఆ కాఠిన్యం కరుగుతుంది. జార్జి ఇలియట్ రచించిన ‘సైలస్ మార్నర్’ నవల ఈ చిత్రకథకు ఆధారం. అదే సంవత్సరం ‘అనార్కలి’లో ఆయన అక్బరు పాదుషా. కన్నకొడుకుపై మమకారం ఒకవైపు, సింహాసన ధర్మం మరొకవైపు. 1960 నాటి ‘మొఘల్-ఎ-ఆజమ్’లో పృథ్వీరాజ్ కపూర్ ధరించిన అక్బరును మన ఉర్దూ విద్యార్థులెరుగుదురు. ఆ రెండు నటనలను పక్కపక్కన పెట్టి పరిశీలిస్తే రెండు భాషల రంగస్థల సంప్రదాయాలూ బోధపడతాయి.

1957 నాటి ‘మాయాబజార్’లో ఘటోత్కచుని భారీతనంలో బాలుని అల్లరి కలిసి ఉంటుంది. మాయాశశిరేఖగా సావిత్రి గారు నటించిన ఘట్టాలలో ఆ ఘటోత్కచుని నడక, చూపు, దర్పం తొంగిచూస్తాయి. ఒక నటుని పాత్రసృష్టి మరొక నటికి ఆధారం కావడం ఇక్కడ గమనించదగినది. 1963 నాటి ‘నర్తనశాల’లో కీచకుడు కేవలం దుష్టుడు కాడు, మత్స్యదేశపు సేనాని గాంభీర్యమూ, మోహాంధుని దైన్యమూ ఆ పాత్రలో కలిసి కనిపిస్తాయి. ఆ నటనకు జకార్తాలో జరిగిన ఆఫ్రో-ఆసియా చలనచిత్రోత్సవంలో ఉత్తమ నటుని బహుమతి లభించింది. బహుమతి నాయకునికి గాక ప్రతినాయకునికి వచ్చిందన్న సంగతి మనం మరువరాదు.

దర్శకుడుగా ఆయన ‘చదరంగం’, ‘బాంధవ్యాలు’ చిత్రాలను రూపొందించారు. 1974 జూలై 18న మద్రాసులో దివంగతులయ్యారు. పద్మ పురస్కారమేదీ ఆయనకు రాలేదు. 2013లో భారతీయ చలనచిత్ర శతాబ్ది సందర్భాన తపాలా శాఖ ఆయన పేర బిళ్ల విడుదల చేసింది. బతికుండగా జరుగవలసిన గౌరవం దాదాపు నలుబది సంవత్సరాలు ఆలస్యమైంది. పక్క పాత్రలవారిని సకాలంలో గుర్తించడం సమాజమూ, సంస్థలూ ఇంకా నేర్వవలసిన పాఠమే.

విద్యార్థులు ‘మాయాబజార్’ను రెండుమార్లు చూడవలెనని నా మనవి. మొదటిమారు కథ కోసం చూడండి. రెండవమారు ఘటోత్కచుడు మాట్లాడని సమయాన, ఎదుటివారి మాట వింటున్నప్పుడు, ఆయన ముఖాన్ని మాత్రమే చూడండి. ఈసారి నాటకానికి పాత్రలు పంచునపుడు తండ్రి పాత్ర తనకిమ్మని అడిగే విద్యార్థి ఒక్కడైనా తప్పక ముందుకు వస్తాడు.